దర్శకుల సినిమాకు రచయిత: జాన్ గ్రువో పేరు ఎందుకు మరుగున పడింది?

క్లుప్తంగా: 1960ల ఆరంభం నుంచి పాతికేళ్ళపాటు త్రుఫో, రివెట్, గోదార్, రోసెల్లీని, రెనే వంటి దర్శకులకు స్క్రీన్‌ప్లేలు రాసిన జాన్ గ్రువో పేరు ఫ్రాన్స్ బయట దాదాపు వినిపించదు. దర్శకుడినే సినిమాకు కర్తగా చూసిన విమర్శ సిద్ధాంతం దీనికి ఒక కారణం. పుస్తకాలను, ఉత్తరాలను, నివేదికలను వాటి మాటలతోనే తెర మీదికి తెచ్చిన ఆయన పద్ధతి మరో కారణం. ఆ పద్ధతి ఎలా పనిచేసిందో, ఫ్రెంచ్ చట్టం రచయితను ఎలా చూసిందో, తెరకెక్కకుండా మిగిలిన స్క్రిప్టులు ఏమయ్యాయో ఈ వ్యాసం పరిశీలిస్తుంది.

1962లో విడుదలైన ‘జూల్ ఎ జిమ్’ టైటిళ్ళలో స్క్రీన్‌ప్లే దగ్గర రెండు పేర్లుంటాయి. ఒకటి దర్శకుడు ఫ్రాన్సువా త్రుఫోది, రెండోది జాన్ గ్రువోది. ఆ రెండో పేరు 1963లో జాన్-లుక్ గోదార్ తీసిన ‘లే కారాబినియే’లో ఉంది. 1966లో జాక్ రివెట్ తీసిన ‘లా రెలిజియూజ్’ (సన్యాసిని)లో ఉంది. అదే ఏడాది రొబెర్తో రోసెల్లీని ఫ్రెంచ్ టెలివిజన్ కోసం తీసిన పద్నాలుగో లూయీ చిత్రంలో, 1980లో ఆలాన్ రెనే తీసిన ‘మోన్ ఓంక్ల్ దమెరిక్’ (అమెరికా మామయ్య)లో కూడా ఉంది. ఈ అయిదుగురి శైలులకు ఒకదానితో ఒకటి పొంతన లేదు. త్రుఫోది వేగం, లాలిత్యం. రివెట్‌ది నిడివి, నిగ్రహం. గోదార్ కథను ముక్కలు చేస్తాడు, రోసెల్లీని చరిత్రను పాఠంలా విప్పుతాడు, రెనే కాలాన్ని విడదీసి మళ్ళీ కూరుస్తాడు. ఇంత భిన్నమైన దర్శకులు రాయడానికి ఒకే మనిషిని పిలిచారు. సినిమా చరిత్ర పుస్తకాల్లో మాత్రం ఆయనకు తరచూ దక్కేది ఒక్క వాక్యం.

సినిమా రచయితలను ఎక్కడా పట్టించుకోరన్న సమాధానం ఇక్కడ సరిపోదు. ఫ్రాన్స్‌లో కవి, సినిమా రచయిత జాక్ ప్రెవేర్ పేరు బడిపిల్లలకు కూడా తెలుసు. మిషెల్ ఒడియార్ రాసిన సంభాషణలను జనం ఇప్పటికీ అప్పజెబుతారు. గ్రువో సంగతి వేరు. ఆయన పనిచేసిన నవతరంగం (ఫ్రెంచ్ న్యూ వేవ్) ఉద్యమం స్క్రీన్‌ప్లే రచయితల ఆధిపత్యం మీద తిరుగుబాటుగానే మొదలైంది.

1954 నాటి వ్యాసం, అది మిగిల్చిన ప్రశ్న

1954 జనవరిలో ‘కాయే ద్యు సినెమా’ పత్రిక 31వ సంచికలో, అప్పటికి ఇరవై రెండేళ్ళు కూడా నిండని త్రుఫో, ఆనాటి ఫ్రెంచ్ సినిమా ధోరణిని ఎండగడుతూ ఒక సుదీర్ఘ వ్యాసం రాశాడు. ‘నాణ్యతా సంప్రదాయం’ అని పేరుపడిన ఖరీదైన సాహిత్యానుసరణలు అందులో ప్రధాన లక్ష్యం. దాడి దర్శకుల కంటే ఎక్కువగా రచయితల మీద సాగింది. జాన్ ఒరాన్ష్, పియర్ బోస్త్ అనే జంట రచయితలను త్రుఫో పేర్లు పెట్టి మరీ తప్పుపట్టాడు. ఆంద్రే జీద్ నవల ఆధారంగా వచ్చిన ‘లా సింఫొనీ పాస్తొరాల్’ (1946), రేమోన్ రాదిగే నవల ఆధారంగా వచ్చిన ‘లె ద్యాబ్ల్ ఓ కోర్’ (1947) ఈ జంట రాసినవే. అప్పట్లో వీరు ఫ్రెంచ్ సినిమాకు మూలస్తంభాలు.

వీరి పనికి పునాదిగా ఒక సూత్రం ఉండేది. ప్రతి నవలలోనూ తెరకెక్కించడానికి వీలుకాని దృశ్యాలు కొన్ని ఉంటాయి, వాటికి బదులు అదే ప్రభావం కలిగించే కొత్త దృశ్యాలను కల్పించాలి అన్నది ఆ సూత్రం. త్రుఫో అభ్యంతరం సరిగ్గా దీని మీదే. తెరకెక్కదు అన్న తీర్పు ఇచ్చేది రచయితే, దాని స్థానంలో తన అభిరుచిని దూర్చేదీ రచయితే, చివరికి మూలగ్రంథం పేరు మాత్రమే మిగులుతుందని అతడి వాదన. ఉదాహరణ కూడా చూపించాడు. జార్జ్ బెర్నానోస్ నవల ‘గ్రామ మతగురువు దినచర్య’కు ఒరాన్ష్ రాసిన అనుసరణను నవలాకారుడే తిరస్కరించాడు. తర్వాత 1951లో రొబేర్ బ్రెసాన్ అదే నవలను దినచర్యలోని వాక్యాలనే గొంతుతో చదివిస్తూ తీశాడు. వీలుకావన్న దృశ్యాలు వీలయ్యాయి.

ఈ వ్యాసం నుంచి లోకం పట్టుకున్నది దర్శకుడే కర్త అన్న సిద్ధాంతాన్ని. ఆ సిద్ధాంతం ఫ్రాన్స్ దాటి అమెరికా, బ్రిటన్, భారతదేశాల సినిమా విమర్శను మార్చివేసింది. వ్యాసంలోని రెండో సగం, అంటే అనుసరణ ఎలా చేయాలన్న వృత్తిపరమైన ప్రశ్న, వెనక్కి జరిగిపోయింది. సమానమైన దృశ్యాల కల్పన తప్పయితే పుస్తకాన్ని తెర మీదికి తేవడానికి మరో దారి ఏది? అయిదేళ్ళ తర్వాత త్రుఫో స్వయంగా దర్శకుడయ్యేసరికి ఇది సిద్ధాంత చర్చగా కాక రోజువారీ పనిగా ఎదురైంది. దానికి ఆచరణలో జవాబు వెతికినవారిలో గ్రువో ముఖ్యుడు.

గ్రువో 1924 ఆగస్టు 3న పారిస్ తూర్పు శివారు ఫోంతెనే-సు-బువాలో పుట్టారు. త్రుఫో కంటే ఏడున్నరేళ్ళు పెద్ద. యుద్ధం తర్వాత పారిస్ లాటిన్ క్వార్టర్ ఫిల్మ్ క్లబ్బుల చుట్టూ తిరిగిన కుర్రకారులో ఆయన కూడా ఒకరు. రివెట్‌తో, త్రుఫోతో స్నేహం అక్కడి నుంచే. అంటే బయటి నుంచి అద్దెకు తెచ్చుకున్న రచయిత కాదు, ఆ గుంపులోనే పుట్టిన రచయిత. 1958లో చిత్రీకరణ మొదలై, డబ్బు దొరికినప్పుడల్లా సాగి, 1961 చివర్లో విడుదలైన రివెట్ తొలి చిత్రం ‘పారి నూ జపార్తియాఁ’ (పారిస్ మనదే)కు రివెట్‌తో కలిసి రాసింది ఆయనే.

‘జూల్ ఎ జిమ్’: పుస్తకాన్ని గొంతుగా మార్చడం

ఆన్రి-పియర్ రోషే తన మొదటి నవల ‘జూల్ ఎ జిమ్’ను 1953లో, డెబ్బై దాటాక ప్రచురించాడు. తన యవ్వనం, జర్మన్ రచయిత ఫ్రాంజ్ హెస్సెల్‌తో స్నేహం, హెస్సెల్ భార్య హెలెన్ గ్రుండ్‌తో ప్రేమ అందులో కథగా మారాయి. ఇరవై ఏళ్ళకు పైగా సాగే కథ అది. చిన్న చిన్న వాక్యాలు, లెక్కలేనంతమంది స్త్రీలు, విడిపోవడాలు, కలుసుకోవడాలు. దీన్ని సంప్రదాయ పద్ధతిలో స్క్రీన్‌ప్లేగా రాస్తే ఎక్కడ మొదలుపెట్టాలో, ఎవరిని వదిలేయాలో తేల్చడమే కష్టం.

త్రుఫో, గ్రువోల పని విధానం ఇలా సాగేది. త్రుఫో పుస్తకం ప్రతి మీద గీతలు గీసి, అంచుల్లో వ్యాఖ్యలు రాసి ఇచ్చేవాడు. గ్రువో దాన్ని తీసుకుని విస్తారంగా, సినిమాకు అవసరమైన దానికంటే చాలా ఎక్కువ నిడివితో రాసేవారు. ఆ రాతప్రతిని త్రుఫో కత్తిరించి, అటువి ఇటు మార్చి అతికించేవాడు. మళ్ళీ గ్రువో దగ్గరకు వెళ్ళేది. రచయిత పొడవుగా రాయడం, దర్శకుడు కురచ చేయడం అన్న ఈ పంపకం పైకి మామూలుగా కనిపిస్తుంది కానీ ఇందులో ఒక ఎంపిక దాగి ఉంది. కొత్త దృశ్యాలు కల్పించే భారం తగ్గి, ఉన్న మాటల్లో ఏవి నిలవాలి అన్న ప్రశ్న పెరుగుతుంది.

సినిమాలో నిలిచినవాటిని చూస్తే పద్ధతి బోధపడుతుంది. నవలలో బెర్లిన్ స్త్రీ అయిన నాయిక సినిమాలో ఫ్రెంచ్ యువతి కాథరీన్ అయింది. నవలలోని ఇతర స్త్రీల ఛాయలు కొన్ని ఆమెలో కలిశాయి, కొందరు పూర్తిగా తొలగిపోయారు. ఇది స్క్రీన్‌ప్లే రచయిత చేసే మామూలు కుదింపే. మామూలు కానిది వ్యాఖ్యాత గొంతు. మిషెల్ సుబోర్ వేగంగా, ఏ భావమూ ఒలకబోయకుండా, ప్రథమ పురుషలో, భూతకాలంలో చదువుకుంటూ పోతాడు. నెలల కాలం ఒక్క వాక్యంలో దాటిపోతుంది. పాత్రలు తమ మనసును సంభాషణల్లో వివరించుకోనవసరం లేకపోయింది. ఒరాన్ష్, బోస్త్‌ల పద్ధతిలో అదే సమాచారాన్ని అందించాలంటే ఇద్దరు మనుషులు ఎదురెదురుగా కూర్చుని మాట్లాడుకునే దృశ్యం ఒకటి పుట్టించాల్సి వచ్చేది.

గొంతు చెప్పేదే బొమ్మ కూడా చెబితే ఇది రేడియో నాటకం అవుతుంది. ‘జూల్ ఎ జిమ్’లో గొంతు ముందుకు పరుగెడుతుంటే బొమ్మ ఆగుతుంది, లేదా వేరేవైపు చూస్తుంది. కథనం వాక్యాలను, దృశ్యాలను ఇలా రెండు పట్టాలుగా వేయడం చిత్రీకరణలో తోచిన ఆలోచన కాదు, రాతలోనే జరిగిన పని. ఈ సినిమా ఖ్యాతిలో రచయితకు న్యాయంగా దక్కవలసిన వాటా ఇక్కడ ఉంది.

రోషే రెండో నవల ఆధారంగా 1971లో వచ్చిన ‘లే దోజాంగ్లేజ్ ఎ ల కాంతినాన్’ (ఇద్దరు ఆంగ్ల యువతులు)లో ఇదే పద్ధతి మరింత ముందుకు వెళ్ళింది. ఆ నవల ఉత్తరాలు, దినచర్యల రూపంలోనే ఉంటుంది. విడుదలైనప్పుడు సినిమా ఆడలేదు, త్రుఫో దాన్ని కత్తిరించాడు. 1984లో, మరణానికి కొద్ది నెలల ముందు, తీసేసిన భాగాలను తిరిగి చేర్చాడు. ఈనాడు చాలామంది విమర్శకులు అతడి అత్యుత్తమ చిత్రాల్లో దాన్ని లెక్కిస్తున్నారు.

నివేదికలు, దినచర్యలు: దస్తావేజుల నుంచి కథ

గ్రువో ప్రత్యేకత పూర్తిగా తెలియాలంటే నవలలను పక్కనబెట్టి 1970 నాటి ‘లాంఫాఁ సొవాజ్’ (అడవి బాలుడు) చూడాలి. మూలం నవల కాదు, ఒక వైద్యుడి నివేదికలు. దక్షిణ ఫ్రాన్స్‌లోని అవేరోన్ అడవుల్లో 1800 ప్రాంతంలో పట్టుబడిన పన్నెండేళ్ళ వయసు పిల్లవాడికి విక్టర్ అని పేరు పెట్టి, మాట నేర్పడానికి జాన్ ఇటార్ అనే యువ వైద్యుడు ఏళ్ళ తరబడి ప్రయత్నించాడు. 1801లో ఒక నివేదిక, 1806లో మరొకటి రాశాడు. 1964లో లూసియన్ మాల్సోన్ అడవి పిల్లల గురించి వేసిన పుస్తకంలో ఈ రెండూ మళ్ళీ అచ్చయ్యాయి. త్రుఫో దృష్టి వీటి మీద పడింది అప్పుడే.

అధికారులకు సమర్పించే నివేదికలో నాటకీయత ఉండదు. రోజుల క్రమం కూడా ఉండదు. చూపు, వినికిడి, భాష, భావోద్వేగాలు అంటూ అంశాలవారీగా సాగుతుంది. గ్రువో రాతప్రతులు ఏళ్ళ తరబడి వందల పేజీలకు పెరిగాయి, తర్వాత తగ్గాయి. చివరికి కుదిరిన పరిష్కారం చాలా సాదా అయినది. నివేదికలోని వాక్యాలు ఇటార్ రోజూ రాసుకునే దినచర్యగా మారాయి. అలా మారడంతోనే అంశాలవారీ పాఠం కాలక్రమం పొందింది. ఇటార్ పాత్రను త్రుఫోనే పోషించాడు కాబట్టి చదివే గొంతు, రాసే చెయ్యి, నేర్పే మనిషి, సినిమా తీసే మనిషి ఒక్కరయ్యారు.

దృశ్యాల వరుసలోనూ నిర్ణయాలున్నాయి. పిల్లవాడికి న్యాయాన్యాయాలు తెలుసా అని తేల్చుకోవడానికి ఇటార్ ఒకసారి ఏ తప్పూ లేకుండానే శిక్షిస్తాడు. పిల్లవాడు తిరగబడి కొరుకుతాడు. ఆ కాటుకు వైద్యుడు సంతోషిస్తాడు. నివేదికలో ఇది అనేక పరీక్షల్లో ఒకటి. సినిమాలో ఇది చివరి ఘట్టాలకు దగ్గరగా, కథ శిఖరంగా నిలిచింది. అసలు విక్టర్ మాట నేర్వలేకపోయాడు, 1828లో మరణించాడు. సినిమా ఆ ఓటమి దాకా వెళ్ళదు. పారిపోయిన పిల్లవాడు తనంతట తాను ఇంటికి తిరిగివచ్చినచోట ఆగుతుంది. కల్పించిన దృశ్యం దాదాపు లేకుండానే, ఎక్కడ ఆపాలో ఎంచుకోవడం ద్వారా సినిమా నివేదిక చెప్పని అర్థాన్ని చెప్పింది. మూలానికి విధేయంగా ఉన్నట్టు కనిపించే అనుసరణలో కూడా రచయిత తీర్పు ఎంత లోతుగా ఉంటుందో తెలియడానికి ఇంతకంటే స్పష్టమైన ఉదాహరణ దొరకదు.

1975 నాటి ‘లిస్త్వార్ దాదెల్ ఆష్’ (అదెల్ హెచ్ కథ) కూడా దస్తావేజు నుంచే పుట్టింది. విక్టర్ హ్యూగో చిన్న కూతురు అదెల్, తనను ప్రేమించని పిన్సన్ అనే ఆంగ్ల సైనికాధికారి కోసం 1863లో కెనడా తీరంలోని హాలిఫాక్స్‌కు, ఆ తర్వాత బార్బడోస్‌కు వెళ్ళింది. మతి చలించింది. 1872లో ఫ్రాన్స్‌కు తిరిగివచ్చి 1915లో చనిపోయే వరకు ఆశ్రయ గృహాల్లోనే గడిపింది. సంకేత భాషలో ఉన్న ఆమె దినచర్యను అమెరికన్ అధ్యాపకురాలు ఫ్రాన్సెస్ వెర్నోర్ గిల్ విప్పి చదివి 1968 నుంచి ప్రచురించింది. గ్రువో, త్రుఫో, త్రుఫో సహకారి సూజాన్ షిఫ్మాన్ కలిసి దాన్ని స్క్రీన్‌ప్లేగా మలిచారు.

హ్యూగో ఇందులో పాత్రగా తెరపైకి రాడు. ప్రపంచంలోకెల్లా ప్రసిద్ధుడైన ఆ తండ్రి ఉత్తరాల్లోనూ, పంపే డబ్బులోనూ మాత్రమే ఉంటాడు. ప్రేమ మొదలైన నాటి జ్ఞాపకాలను దృశ్యాలుగా చూపరు. దానివల్ల పిన్సన్ ఎప్పుడైనా ప్రేమించాడా, అదెల్ ఊహించుకుందా అన్నది ప్రేక్షకుడికి తేలదు. ఆమె రాస్తున్నది మాత్రమే సాక్ష్యం. ఇజబెల్ అజానీ నటనకు ఆస్కార్ నామినేషన్ వచ్చింది. రచయితలు ముగ్గురికీ న్యూయార్క్ సినీ విమర్శకుల సంఘం ఉత్తమ స్క్రీన్‌ప్లే అవార్డు ఇచ్చింది. త్రుఫోతో గ్రువో చివరి చిత్రం 1978 నాటి ‘లా షాంబ్ర్ వెర్త్’ (ఆకుపచ్చ గది). హెన్రీ జేమ్స్ కథల ఆధారంగా, చనిపోయినవారి జ్ఞాపకానికి గుడి కట్టుకున్న మనిషి గురించిన కథ అది. జనం ఆదరించలేదు.

నిషేధం ఎదుర్కొన్న స్క్రిప్టు

త్రుఫో సినిమాల్లో రచయిత పని కుదింపు అయితే, ‘లా రెలిజియూజ్’లో అది రక్షణ కవచం కూడా అయింది. 18వ శతాబ్దపు తత్త్వవేత్త దెని దిదెరో రాసిన నవలలో సుజాన్ సిమోనాన్ అనే యువతిని ఆమె ఇష్టానికి విరుద్ధంగా కాన్వెంటుకు పంపుతారు. 1963లో రివెట్ దీన్ని అన్నా కరీనాతో నాటకంగా ప్రదర్శించాడు. సినిమాగా తీయాలంటే ముందుగా స్క్రిప్టును సెన్సారు సంఘానికి చూపించాలి. అభ్యంతరాలు రావడంతో రివెట్, గ్రువోలు తిరగరాశారు. తీసింది ఒక కాల్పనిక నవల అని అందరికీ తెలిసేలా టైటిల్‌నే ‘సుజాన్ సిమోనాన్, దిదెరో సన్యాసిని’ అని పొడిగించారు.

అప్పటికే క్రైస్తవ సన్యాసినుల సంఘాలు, తల్లిదండ్రుల సంఘాలు ప్రభుత్వానికి ఉత్తరాలు రాస్తున్నాయి. 1966 మార్చిలో సెన్సారు సంఘం రెండుసార్లు సినిమాకు అనుకూలంగా ఓటేసింది. అయినా సమాచార శాఖ సహాయమంత్రి ఇవోన్ బుర్జ్ దాన్ని నిషేధించాడు. సాంస్కృతిక మంత్రి, స్వయంగా నవలాకారుడు అయిన ఆంద్రే మాల్రోను నిలదీస్తూ గోదార్ బహిరంగ లేఖ రాశాడు. మాల్రో కాన్ చలనచిత్రోత్సవంలో ఆ సినిమా ప్రదర్శనకు అడ్డు చెప్పలేదు. 1967లో అది థియేటర్లకు వచ్చింది, వివాదమే ప్రచారమై బాగా ఆడింది.

ఈ వ్యవహారంలో గమనించదగ్గ విషయం ఒకటుంది. నిషేధం నాటికి గోల అంతా రివెట్, గోదార్, మాల్రోల చుట్టూ తిరిగింది. సెన్సారు నెలల తరబడి పరిశీలించింది మాత్రం కాగితాల మీది రాతను. ముందస్తు సెన్సారు ఉన్న వ్యవస్థలో స్క్రిప్టు ఒక చట్టపరమైన పత్రం. దాన్ని రాసే మనిషి కళతో పాటు ఏది ఎంతవరకు దాటనిస్తారో కూడా లెక్కవేయాలి.

రోసెల్లీని, గోదార్: చదివి వినిపించే చరిత్ర

ఫ్రెంచ్ నవలాకారుడు స్తాందాల్ కథ ఆధారంగా 1961లో రోసెల్లీని తీసిన ‘వనీనా వనీనీ’ రచయితల్లో గ్రువో కూడా ఉన్నారు. ఇటలీ నాటకకర్త బెనియమినో జొప్పొలో నాటకం ‘ఇ కరబినియేరి’ కూడా రోసెల్లీని ద్వారానే ఆయన చేతికి వచ్చి, గోదార్ చేతిలో ‘లే కారాబినియే’ అయింది. రాజు పేరు మీద యుద్ధానికి పోయిన ఇద్దరు మోటు మనుషులు ఇంటికి రాసే ఉత్తరాలు అక్షరాలుగా తెర నిండా కనిపిస్తాయి. గెలుచుకున్న ప్రపంచం పెట్టె నిండా పోస్టుకార్డులుగా తేలుతుంది. ఆ సినిమా విడుదలైనప్పుడు ఘోరంగా విఫలమైంది.

పద్నాలుగో లూయీ చిత్రం వేరే దారి. చరిత్రకారుడు ఫిలిప్ ఎర్లాంజే పరిశోధనకు అనుసరణ, సంభాషణలు గ్రువోవి. 1661లో మంత్రి మజరాన్ మరణంతో మొదలై, యువకుడైన రాజు కుట్రలతో కాక దుస్తులతో, భోజన మర్యాదలతో, వెర్సాయ్ వేడుకలతో ప్రభువులను ఎలా కట్టిపడేశాడో చూపుతుంది. కథలో ఉత్కంఠ రేపే పన్నాగాలు తక్కువ. బట్టల ధరలు, వంటకాల వరుస, ఎవరు ఎక్కడ నిలబడాలన్న నియమాలు చాలా ఎక్కువ. ముఖ్యపాత్రధారి జాన్-మరీ పాత్ వృత్తి నటుడు కాడు, మాటలను బోర్డుల మీద చూసి చదివాడు. ఆ బిగుసుకున్న తీరు అధికారాన్ని అభ్యసిస్తున్న రాజుకు అచ్చంగా సరిపోయింది. చివర్లో రాజు ఒంటరిగా తన ఆభరణాలు, తొడుగులు తీసేసి ఆ కాలపు రచయిత లా రోషెఫుకో సూక్తిని పుస్తకంలో చదువుకుంటాడు. ఇక్కడా ముగింపు రాసిన మాటతోనే.

రెనేతో మూడు సినిమాలు

త్రుఫో బృందంలో రచయితకు దర్శకుడితో పంపకం ఉండేది. రెనే పద్ధతి దానికి పూర్తిగా భిన్నం. మార్గరీత్ ద్యురా, అలాన్ రోబ్-గ్రియే, జోర్జ్ సెంప్రున్ వంటి రచయితలను ఎంచుకుని, స్క్రీన్‌ప్లేను వారి సొంత రచనగానే గౌరవించి, దానికి దర్శకత్వం వహించడం తన పనిగా ఆయన భావించాడు. దర్శకుడే కర్త అన్న సిద్ధాంతం వ్యాపించిన కాలంలో ఇది అరుదైన వైఖరి. గ్రువోకు తగిన గుర్తింపు ఇక్కడే దక్కడం కాకతాళీయం కాదు.

‘మోన్ ఓంక్ల్ దమెరిక్’కు మూలం జీవశాస్త్రవేత్త ఆన్రి లబోరి ఆలోచనలు. ఆపద ఎదురైనప్పుడు జీవి పారిపోతుంది లేదా పోరాడుతుంది. రెండూ వీలుకానప్పుడు చర్య స్తంభించి, ఆ ఒత్తిడి శరీరం మీదికి మళ్ళుతుంది. లబోరి స్వయంగా తెర మీద కనిపించి ఇది వివరిస్తాడు. ఈ సిద్ధాంతానికి ఉదాహరణలుగా మూడు పాత్రలను పుట్టిస్తే సినిమా నిర్జీవమైన పాఠం అయ్యేది. గ్రువో చేసిన పని అందుకు భిన్నం. రైతు కుటుంబం నుంచి వచ్చి బట్టల మిల్లులో ఉద్యోగిగా ఎదిగిన రెనే (దర్శకుడు కాదు, పాత్ర పేరు), ఇంట్లోంచి పారిపోయి నటి అయిన జానీన్, రేడియోలో పదవి పోగొట్టుకున్న జాన్, ఈ ముగ్గురి జీవితాలకూ సొంత కారణాలున్నాయి. ముగ్గురికీ ఒక్కో పాత సినిమా తార ఆదర్శం: వరుసగా జాన్ గాబాన్, జాన్ మారే, దానియెల్ దారియో. వారి సినిమా తునకలు మధ్యలో మెరుస్తాయి.

లబోరికి ఈ పాత్రలతో నిమిత్తం లేనట్టు ఆయన మాటలు విడిగా సాగుతాయి. మిల్లు ఉద్యోగికి కడుపులో పుండు, రేడియో అధికారికి మూత్రపిండాల నొప్పి. శాస్త్రం ఇదే చెప్పింది కదా అని ప్రేక్షకుడు అనుకునే లోపే, కథలో శాస్త్రానికి అందని దయ, అబద్ధం, త్యాగం ఎదురవుతాయి. ‘జూల్ ఎ జిమ్’లో గొంతు, బొమ్మ రెండు పట్టాల మీద నడిచినట్టే ఇక్కడ సిద్ధాంతం, కథ నడుస్తాయి. ఇరవై ఏళ్ళ తేడాతో, పూర్తిగా వేరే దర్శకుడి సినిమాలో అదే నిర్మాణం మళ్ళీ కనిపించడం యాదృచ్ఛికం అనుకోలేము. ఇది రచయిత ముద్ర.

ఆ సినిమాకు 1980లో కాన్ ఉత్సవంలో జ్యూరీ ప్రత్యేక గ్రాండ్ ప్రిక్స్ వచ్చింది. 1981 ఆస్కార్ పోటీల్లో మౌలిక స్క్రీన్‌ప్లే విభాగంలో నామినేషన్ గ్రువో ఒక్కరి పేరు మీదే వచ్చింది. తర్వాత రెనేతోనే ‘లా వి ఏ తన్ రోమాన్’ (1983), ‘లామూర్ అ మోర్’ (1984) రాశారు. 1986లో షాంతాల్ అకెర్మన్ సంగీత చిత్రం ‘గోల్డెన్ ఎయిటీస్’ రచయితల్లోనూ ఆయన ఉన్నారు.

చట్టం ఒక మాట, విమర్శ మరో మాట

ఫ్రాన్స్‌లో 1957 మార్చి 11 నాటి సాహిత్య, కళా హక్కుల చట్టం సినిమాకు సహకర్తలుగా భావించవలసినవారిని పేర్కొంది: స్క్రీన్‌ప్లే రచయిత, అనుసరణ కర్త, సంభాషణల రచయిత, సినిమా కోసమే కూర్చిన సంగీతానికి కర్త, దర్శకుడు. ఇప్పటి మేధోసంపత్తి చట్టంలోనూ ఈ జాబితా కొనసాగుతోంది. అంటే పత్రికల్లో దర్శకుడు ఏకైక కర్తగా ఊరేగుతున్న సంవత్సరాల్లోనే, కోర్టు దృష్టిలో గ్రువో సహకర్త. రచయితల సంఘాలు హక్కుల సొమ్ము వసూలు చేసి పంచేది ఈ ప్రాతిపదిక మీదే. దక్కకుండా పోయింది ఖ్యాతి, హక్కు కాదు.

భారతదేశంలో పరిస్థితి తలకిందులు. యాదృచ్ఛికంగా అదే 1957లో వచ్చిన మన కాపీరైట్ చట్టం సినిమాకు కర్తగా నిర్మాతను గుర్తిస్తుంది. 2012 సవరణతోనే స్క్రిప్టు రచయితలకు, పాటల రచయితలకు రాయల్టీలో వదులుకోలేని వాటా చట్టబద్ధమైంది. ఖ్యాతి మాత్రం వేరేగా పంపకమైంది. తెలుగు టైటిళ్ళలో కథ, మాటలు, స్క్రీన్‌ప్లే వేర్వేరుగా పడతాయి. పింగళి, ఆత్రేయ, ముళ్ళపూడి వంటి మాటల రచయితలు తారలతో సమానంగా గుర్తున్నారు.

ఈ పోలిక గ్రువో సంగతిని మరికొంత విప్పుతుంది. ప్రేక్షకుడి నోట నిలిచేది సంభాషణ. ఒడియార్ నిలిచింది అందుకే. గ్రువో బలం సంభాషణ చమత్కారంలో లేదు. వందల పేజీల్లోంచి ఏ వాక్యం నిలవాలి, దాన్ని ఎవరి గొంతులో వినిపించాలి, ఎక్కడ ఆపాలి అన్నవి ఆయన పనులు. అవి బాగా కుదిరినప్పుడు ప్రేక్షకుడికి రోషే, ఇటార్, అదెల్ వినిపిస్తారు తప్ప రచయిత వినిపించడు. దర్శకుడే కర్త అన్న సిద్ధాంతం ఆయన్ను సగం దాచితే, ఈ పద్ధతి మిగతా సగాన్ని దాచింది.

తెరకెక్కని స్క్రిప్టుల తర్వాతి కథ

1984 అక్టోబరు 21న త్రుఫో మరణించేనాటికి వీరిద్దరి మధ్య మొదటి ప్రపంచ యుద్ధానికి ముందటి పారిస్ నేపథ్యంగా ఒక పెద్ద ప్రాజెక్టు నడుస్తోంది. అది 1995లో ‘బెల్ ఎపోక్’ పేరుతో టెలివిజన్ ధారావాహిక అయింది. గ్రువో తన జ్ఞాపకాలను 1992లో ‘స్ క దీ లోత్ర్’ పుస్తకంగా వెలువరించారు. నవతరంగం దర్శకుల పని తీరును రచయిత కుర్చీ నుంచి చూపే పుస్తకంగా పరిశోధకులకు అది విలువైనది.

వీటన్నిటికంటే ఎక్కువ చెప్పే ఉదాహరణ మరొకటి. 1970ల ఆరంభంలో త్రుఫో కోసం గ్రువో ఒక నిజ కథను స్క్రిప్టుగా రాశారు. నార్మండీకి చెందిన రావలే వంశపు అన్నాచెల్లెళ్ళు జూలియన్, మార్గరీత్‌లకు వారి నిషిద్ధ ప్రేమ కారణంగా 1603లో పారిస్‌లో శిరచ్ఛేదం జరిగింది. త్రుఫో ఆ సినిమా తీయలేదు. స్క్రిప్టు 2011లో పుస్తకంగా అచ్చయింది. దాని ఆధారంగా వలేరీ దోంజెల్లి తీసిన ‘మార్గరీత్ ఎ జూలియన్’ 2015 మేలో కాన్ పోటీ విభాగంలో ప్రదర్శితమైంది. కొన్ని వారాల తర్వాత, జూన్ 8న, తొంభై ఏళ్ళ వయసులో గ్రువో మరణించారు.

కాన్ విమర్శకుల్లో చాలామంది ఆ సినిమాను మెచ్చలేదు. దోంజెల్లి, సహరచయిత జెరెమీ ఎల్కాయిమ్ స్క్రిప్టును తమ తీరులో తిరగరాసి, 17వ శతాబ్దపు కథలోకి కార్లను, హెలికాప్టరును తెచ్చారు. గ్రువో కథలు సాధారణంగా ఒక కాలపు రాతకు, ఆ కాలపు గొంతుకు కట్టుబడి నిలుస్తాయి. ఆ కట్టుబాటును సడలించాక మిగిలినది వేరే రచన. దర్శకుడు మారితే స్క్రిప్టు ఫలితం ఎంతగా మారుతుందో ఇది చూపుతుంది కాబట్టి, త్రుఫో సిద్ధాంతానికి ఇది కొంత బలమే. అయితే నలభై ఏళ్ళు అటక మీద ఉన్న కాగితాల కోసం కొత్త తరం దర్శకురాలు వెతుక్కుంటూ రావడం, వాటిని ఒక ప్రచురణకర్త సాహిత్యంగా అచ్చువేయడం, స్క్రీన్‌ప్లే తనంతట తానుగా చదువదగిన రచన అన్న గుర్తింపు ఫ్రాన్స్‌లో పెరుగుతోందనడానికి సూచన. ‘జూల్ ఎ జిమ్’ నుంచి ‘మోన్ ఓంక్ల్ దమెరిక్’ వరకు ఉన్న స్క్రిప్టులను దర్శకుల పేరుతో కాక గ్రువో పేరుతో ఒక వరుసలో చదివితే, ఆ సినిమాల చరిత్ర ఇప్పుడున్న దానికంటే వేరుగా రాయవలసి వస్తుంది.